దిండోలి మీదుగా నడిచి వెళ్లిన మనిషి: గాంధీ జీవితంలో నడక

సూరత్‌లోని లింబాయత్ తెలుగువాళ్లకు కొత్త చోటు కాదు. పాత నల్లగొండ, వరంగల్, కరీంనగర్ జిల్లాల నుంచి మగ్గం పని తెలిసిన కుటుంబాలు తరాలుగా ఇక్కడికి వచ్చి సాంచెల మీద బతుకుతున్నాయి. సూరత్ నగరపాలక సంస్థ గుజరాతీ, హిందీ, మరాఠీ, ఉర్దూ, ఒడియాలతో పాటు తెలుగు మాధ్యమంలోనూ ప్రాథమిక పాఠశాలలు నడుపుతోందంటే ఇక్కడ మనవాళ్లు ఎంతమంది ఉన్నారో అర్థమవుతుంది.

సాంచెల కార్ఖానాలో పగటి డ్యూటీ పన్నెండు గంటలు, రాత్రి డ్యూటీ పన్నెండు గంటలు. మనిషి ఆ పన్నెండు గంటలూ నిలబడే ఉంటాడు. చెవుల్లో మగ్గాల మోత, ముక్కులో నూలు దుమ్ము. ఇంటికొచ్చేది ఇరుకు గదికి. నడి వయసులో బీపీ, షుగర్ బయటపడ్డాక డాక్టరు మందులు రాసి, రోజూ అరగంట నడవమని చెబుతాడు. అప్పుడు వచ్చే మొదటి ప్రశ్న ఒక్కటే: ఎక్కడ నడవాలి? గల్లీలో టెంపోలు, చీరల మూటలు, బండ్లు. రోడ్డు పక్కన కాలిబాట ఉన్నచోట దాని మీద దుకాణం ఉంటుంది. ఆడవాళ్లకైతే ఎక్కడ అన్న ప్రశ్నతో పాటు ఎప్పుడు, ఎవరితో అన్న ప్రశ్నలు కూడా ఉంటాయి.

లింబాయత్‌ను ఆనుకునే దిండోలి ఉంది. ఇప్పుడది నగరంలో కలిసిపోయింది కానీ 1930లో ఒక పల్లెటూరు. ఆ ఏడాది ఏప్రిల్ 2న, అరవై ఏళ్లు దాటిన ఒక మనిషి చేతికర్ర పట్టుకుని, వెనక డెబ్భై ఎనిమిది మందిని వెంటబెట్టుకుని ఆ ఊళ్లో ఆగి వెళ్లాడు. అంతకుముందు రోజు మజిలీ సూరత్. మరో మూడు రోజులకు దండి సముద్ర తీరం.

మోహన్‌దాస్ కరంచంద్ గాంధీ జీవితాన్ని మనం రాజకీయాల వైపు నుంచి చాలాసార్లు చదువుకున్నాం. ఆయన కాళ్ల వైపు నుంచి చదివితే ఇంకో సంగతి కనబడుతుంది. డబ్బు లేనివాడికి దొరికే ఒకే ఒక వ్యాయామం నడక అని ఆయన చిన్నప్పుడే గ్రహించారు. ఆ నడకకు కూడా ఎవరో ఒకరు దారి వదలాలని తర్వాత తెలుసుకున్నారు. మిగతా జీవితమంతా ఈ రెండు పాఠాల మధ్యే నడిచింది.

ఆటలంటే దూరం జరిగిన పిల్లవాడు

1869 అక్టోబర్ 2న పోర్‌బందర్‌లో పుట్టిన గాంధీ రాజ్‌కోట్‌లో చదువుకున్నారు. బడి గంట కొట్టే వేళకు వెళ్లడం, వదలగానే ఇంటికి పరుగెత్తడం తప్ప ఎవరితోనూ కలవని బిడియస్తుడు. హైస్కూల్లో హెడ్మాస్టరు దొరాబ్‌జీ ఎదుల్‌జీ గిమీ పై తరగతుల పిల్లలకు కసరత్తునూ క్రికెట్‌నూ తప్పనిసరి చేశారు. గాంధీకి రెండూ ఇష్టం లేదు. సిగ్గు ఒక కారణం. జబ్బుతో ఉన్న తండ్రికి బడి వదలగానే సేవ చేయాలన్న ఆరాటం ఇంకో కారణం. మినహాయింపు అడిగితే హెడ్మాస్టరు ఒప్పుకోలేదు.

ఒక శనివారం బడి పొద్దున పూటే జరిగింది. కసరత్తు కోసం సాయంత్రం నాలుగింటికి మళ్లీ రావాలి. గాంధీ దగ్గర గడియారం లేదు. ఆకాశం మబ్బు పట్టి ఉండటంతో వేళ తెలియలేదు. వెళ్లేసరికి అందరూ ఇళ్లకు పోయారు. మర్నాడు కారణం చెబితే హెడ్మాస్టరు నమ్మకుండా ఒకటో రెండో అణాలు జరిమానా వేశారు. అబద్ధం ఆడానని అనుకున్నారే అన్న బాధతో ఆ పిల్లవాడు ఏడ్చాడు. చివరికి తండ్రి ఉత్తరం రాస్తే మినహాయింపు దొరికింది.

చదువుకూ ఒంటికీ సంబంధం లేదనుకోవడం తప్పని గాంధీ పెద్దయ్యాక తన ఆత్మకథలో ఒప్పుకున్నారు. బుద్ధికి ఎంత శిక్షణ కావాలో శరీరానికీ బడిలో అంత చోటు ఉండాలన్నది ఆయన తేల్చిన మాట. అయితే కసరత్తు మానేసినా ఆయన ఊరికే కూర్చోలేదు. ఆరుబయట చాలాదూరం నడవడం ఒంటికి మంచిదని ఏదో పుస్తకంలో చదివారు. ఆ సలహా నచ్చింది. అప్పుడు పట్టుకున్న అలవాటు చివరిదాకా వదల్లేదు. దానికి జట్టు అక్కర్లేదు, బ్యాటూ బంతీ అక్కర్లేదు, సిగ్గుపడాల్సిన పనీ లేదు.

బండి డబ్బులు మిగిలాయి

1888లో బారిస్టర్ చదువు కోసం లండన్ వెళ్లిన కొత్తలో గాంధీ దొరల పద్ధతిలో బతకాలని కొంత తంటాలు పడ్డారు. ఖర్చు చూసుకుని వెనక్కి తగ్గారు. ఎవరింట్లోనో ఉంటే తిండికీ ప్రయాణానికీ అయ్యే ఖర్చు ఎక్కువ. అందుకే విడిగా గదులు తీసుకున్నారు. పని ఉన్న చోటికి నడిచి అరగంటలో చేరేలా ఉన్న గదులు వెతుక్కోవడంలోనే ఆయన లెక్క తెలుస్తుంది. బండి కిరాయి మిగిలింది. రోజుకు ఎనిమిది నుంచి పది మైళ్ల నడక కలిసొచ్చింది. ఇంగ్లండ్‌లో ఉన్నన్నాళ్లూ పెద్దగా జబ్బు పడకుండా ఉన్నది ఈ నడక వల్లేనని ఆయన నమ్మకం.

1891లో తిరిగొచ్చి బొంబాయిలో వకీలుగా నిలదొక్కుకోవాలని చూశారు. కేసులు రాలేదు. గిర్గావ్‌లోని బసనుంచి హైకోర్టుకు నడిచే వెళ్లేవారు. ముప్పావు గంట పట్టేది. వచ్చేటప్పుడూ నడకే. ఎండ ఒంటికి అలవాటైంది. తోటివాళ్లు తరచూ జబ్బు పడుతుంటే తనకు ఆ అవసరం రాలేదని తర్వాత రాసుకున్నారు. డబ్బు సంపాదించడం మొదలుపెట్టాక కూడా ఆ అలవాటు మానలేదు.

ఇక్కడ ఒక విషయం గమనించాలి. గాంధీకి మొదట్లో నడక వ్రతమూ కాదు, ఉద్యమమూ కాదు. బీద వకీలు కూడబెట్టుకున్న ఆరోగ్యం. ట్రామ్ టికెట్టు డబ్బులు మిగిల్చుకోవడానికి నడిచే ప్రతి వలస కార్మికుడికీ అర్థమయ్యే లెక్క ఇది.

ప్రిటోరియాలో మూసుకుపోయిన దారి

1893లో దక్షిణాఫ్రికా వెళ్లారు. రైలు పెట్టెలోంచి నెట్టేసిన పీటర్‌మారిట్జ్‌బర్గ్ సంఘటన అందరికీ తెలిసిందే. కొన్నాళ్ల తర్వాత ప్రిటోరియాలో జరిగింది అంతగా ప్రచారంలో లేదు. నడక సంగతి మాట్లాడేటప్పుడు మాత్రం అదే ముఖ్యం.

ట్రాన్స్‌వాల్‌లో భారతీయులు ప్రజల కోసం వేసిన కాలిబాటల మీద నడవకూడదు. రాత్రి తొమ్మిది దాటాక అనుమతి పత్రం లేకుండా బయట తిరగకూడదు. గాంధీకి రాత్రి భోజనం తర్వాత కోట్స్ అనే క్రైస్తవ మిత్రుడితో కలిసి నడిచే అలవాటు. ఇల్లు చేరేసరికి పదయ్యేది. పోలీసులు పట్టుకుంటారేమోనని కోట్స్‌కు దిగులు. ఆయనే గాంధీని ప్రభుత్వ న్యాయవాది డాక్టర్ క్రౌజ్ దగ్గరికి తీసుకెళ్లారు. ఇద్దరూ లండన్‌లో ఒకే న్యాయ విద్యాలయంలో చదివినవాళ్లని మాటల్లో తేలింది. ఏ వేళలోనైనా బయట తిరగవచ్చని క్రౌజ్ ఒక ఉత్తరం రాసిచ్చారు. బయటికి వెళ్లినప్పుడల్లా గాంధీ ఆ కాగితం జేబులో పెట్టుకునేవారు.

ప్రెసిడెంట్ స్ట్రీట్ మీదుగా ఊరి చివర మైదానానికి నడిచి వెళ్లడం ఆయనకు రోజూ అలవాటు. ట్రాన్స్‌వాల్ అధ్యక్షుడు క్రూగర్ ఇల్లు ఆ వీధిలోనే. ఆడంబరం లేని ఇల్లు. ముందు కాపలా పోలీసు ఉంటేనే అది అధ్యక్షుడి ఇల్లని తెలిసేది. కాపలావాళ్లు మారుతుండేవారు. ఒకరోజు కొత్తగా వచ్చిన పోలీసు హెచ్చరిక కూడా చేయకుండా గాంధీని తోసి, కాలితో తన్ని కాలిబాట మీంచి రోడ్డు మీదికి దింపాడు. గుర్రం మీద అటుగా వస్తున్న కోట్స్ అదంతా చూశారు. కేసు పెడితే సాక్ష్యం చెబుతానన్నారు. సొంత బాధ కోసం కోర్టుకెక్కకూడదని నియమం పెట్టుకున్న గాంధీ వద్దన్నారు. పోలీసు క్షమాపణ అడిగాడు. గాంధీ అప్పటికే క్షమించేశారు.

అయితే కథ అక్కడితో అయిపోలేదు. గాంధీ మళ్లీ ఆ వీధిలో అడుగుపెట్టలేదు. అతని చోట ఇంకో పోలీసు వస్తాడు, అనవసరంగా ఇంకోసారి తన్నించుకోవడం ఎందుకని నడకకు వేరే దారి చూసుకున్నారు. జేబులో ప్రభుత్వ న్యాయవాది ఇచ్చిన ఉత్తరం ఉన్న బారిస్టరే తన దారి మార్చుకోవాల్సి వచ్చింది. ఏ ఉత్తరమూ లేని కూలీల సంగతి ఏమిటన్న ప్రశ్న అప్పుడే ఆయనలో నాటుకుంది. ఆత్మగౌరవం ఉన్న భారతీయుడు బతకగలిగిన దేశం కాదిది అన్న ఎరుక, దాన్ని మార్చే దారి ఏమిటన్న ఆలోచన ఈ అనుభవాలతోనే పెరిగాయని ఆత్మకథలో రాసుకున్నారు.

ఇరవై ఒక్క మైళ్ల పాఠం

1910లో జొహన్నెస్‌బర్గ్ దగ్గర గాంధీ మిత్రుడు హెర్మన్ కాలెన్‌బాక్ 1,100 ఎకరాల భూమిని సత్యాగ్రహుల కుటుంబాల కోసం ఇచ్చారు. దానికి టాల్‌స్టాయ్ ఫామ్ అని పేరు పెట్టారు. నగరానికి ఇరవై ఒక్క మైళ్లు. అక్కడ ఒక నియమం ఉండేది. ఆశ్రమం పని మీద వెళ్లేవాళ్లే రైలెక్కాలి, అదీ మూడో తరగతిలో. సొంత సరదాకు ఊరెళ్లాలంటే నడవాల్సిందే, తిండి మూట కట్టుకుని పోవాల్సిందే. తెల్లవారుజామున రెండున్నరకు బయలుదేరితే ఆరేడు గంటల్లో నగరం చేరేవారు. అందరికంటే వేగంగా చేరినవాళ్లకు నాలుగు గంటల పద్దెనిమిది నిమిషాలు పట్టిందని గాంధీ లెక్క రాసిపెట్టారు.

ఇది శిక్ష కాదని, పిల్లలూ యువకులూ ఉత్సాహంగా నడిచేవారని ఆయన రాశారు. వంట, తోట పని, చెప్పులు కుట్టడం, నీళ్లు మోయడం అన్నీ అందరి పని. విడిగా వ్యాయామం చేయాల్సిన అవసరమే రాలేదు. అక్కడ జబ్బులు తక్కువగా ఉండటం చూసి ఆయనకు ఆరోగ్యం మీద ఆసక్తి పెరిగింది. 1913లో తన ఇండియన్ ఒపీనియన్ పత్రికలో ఆరోగ్యం గురించి గుజరాతీలో వరుసగా వ్యాసాలు రాశారు. గాలి, నీరు, తిండి ఎంత అవసరమో ఒంటికి కదలిక అంతే అవసరమన్నది వాటి సారం. పొలంలో పనిచేసే రైతుకు వ్యాయామం ప్రత్యేకంగా నేర్పక్కర్లేదని, గదుల్లో కూర్చుని పనిచేసేవాళ్లకు మాత్రం ఆరుబయట నడక తప్పదని ఆయన ఆలోచన. ఆ వ్యాసాలు తర్వాత పుస్తకంగా అనేక భాషల్లోకి వెళ్లాయి.

అదే ఏడాది నవంబర్ 6న నేటాల్ సరిహద్దు దాటి ట్రాన్స్‌వాల్‌లోకి నడిచిన కార్మికుల యాత్ర జరిగింది. 2,037 మంది మగవాళ్లు, 127 మంది ఆడవాళ్లు, 57 మంది పిల్లలు. వాళ్లలో ఎక్కువమంది న్యూకాసిల్ బొగ్గు గనుల కూలీలు. మద్రాసు రేవు నుంచి ఓడలెక్కి నేటాల్ చేరిన కూలీల్లో తమిళులతో పాటు తెలుగువాళ్లూ పెద్ద సంఖ్యలో ఉన్నారు. మనిషికి రోజుకు పౌనున్నర రొట్టె, కొంచెం చక్కెర. ఆ దారిలో ఇద్దరు తల్లులు తమ పసిబిడ్డలను పోగొట్టుకున్నారు. కాగితం లేకుండా సరిహద్దు దాటి నడవడమే ఆ యాత్రలో వాళ్లు చేసిన నేరం.

రోడ్డు ఎవరిది?

1915లో భారతదేశం తిరిగొచ్చాక గాంధీకి ప్రిటోరియా ప్రశ్న ఇక్కడా ఎదురైంది. ఈసారి దారి మూసింది తెల్లవాళ్లు కాదు. తిరువాన్కూరు సంస్థానంలోని వైకోంలో శివాలయం చుట్టూ ఉన్న రోడ్ల మీద అంటరానివారని ముద్ర వేసినవాళ్లు నడవకూడదు. 1924 మార్చి 30న అక్కడ సత్యాగ్రహం మొదలైంది. గుళ్లోకి రానివ్వమని కాదు, గుడి పక్క రోడ్డు మీద నడవనివ్వమని అడిగారు. 1925 మార్చిలో గాంధీ అక్కడికి వెళ్లి ఆలయ పెద్దలతో మాట్లాడారు. ఆ ఏడాది చివరికి రాజీ కుదిరింది. మూడు వైపుల రోడ్లు అందరికీ తెరుచుకున్నాయి, తూర్పు వైపు దారి అప్పటికి పూర్తిగా తెరుచుకోలేదు. ఆ రాజీ చాలదన్న విమర్శ అప్పుడూ ఉంది, ఇప్పుడూ ఉంది. విమర్శలో న్యాయం ఉంది కూడా. అయినా ఆ పోరాటం దేశం ముందు పెట్టిన ప్రశ్న సూటిగా ఉంది. పన్నుల డబ్బుతో వేసిన రోడ్డు అందరిదీ కాకపోతే ఇంకెవరిది?

1933 నవంబర్ నుంచి తొమ్మిది నెలలపాటు అంటరానితనానికి వ్యతిరేకంగా గాంధీ దేశమంతా తిరిగారు. ఆంధ్ర ప్రాంతానికీ వచ్చారు. మొదట రైళ్లు, కార్లలో సాగిన ఆ పర్యటనను 1934 మేలో ఒడిశాలోని పూరీ దగ్గర పాదయాత్రగా మార్చారు. కారులో వెళ్తే ఊరు దాటిపోతుంది, నడిస్తే ఊరు కలుస్తుందని ఆయనకు తెలుసు. ఆ మాట ఆయన దండి దారిలోనే నేర్చుకున్నారు.

సూరత్ మీదుగా

1930 మార్చి 12న సబర్మతి ఆశ్రమం నుంచి బయలుదేరారు. దండికి దాదాపు 240 మైళ్లు. రోజుకు పది పన్నెండు మైళ్లు, పొద్దునొక మజిలీ, సాయంత్రమొక మజిలీ. సోమవారం విశ్రాంతి. వెంట నడిచిన డెబ్భై ఎనిమిది మందిలో ఆంధ్ర నుంచి ఎర్నేని సుబ్రహ్మణ్యం ఉన్నారు. కృష్ణా జిల్లా కొమరవోలులో తర్వాత గాంధీ ఆశ్రమం నడిపింది ఆయనే. దళంలో పదహారేళ్ల కుర్రాడి దాకా ఉన్నారు. అందరికంటే పెద్దవాడు గాంధీయే. అవసరమొస్తే ఎక్కడానికని ఒక గుర్రాన్ని వెంట ఉంచారు, ఆయన ఎక్కలేదు. పడుచువాళ్లు కొందరు కాళ్లకు బొబ్బలెక్కి, జ్వరాలొచ్చి వెనకబడితే ఆయన నడుస్తూనే పోయారు. నలభై ఏళ్లుగా రోజూ నడిచిన కాళ్లవి.

సూరత్ జిల్లాలోకి వచ్చాక మార్చి 29న భట్‌గామ్‌లో ఒక సంఘటన జరిగింది. రాత్రి నడకలో దళానికి వెలుతురు కోసం ఒక కూలీ బరువైన కిట్సన్ దీపాన్ని నెత్తిన పెట్టుకుని, తొందర పెడుతుంటే పరుగులాంటి నడకతో ముందు పోతున్నాడు. సూరత్ నుంచి మోటారు లారీలో పాలు తెప్పించారని కూడా గాంధీకి తెలిసింది. ఆ సాయంత్రం సభలో ఆయన ప్రభుత్వాన్ని కాదు, తననూ తనవాళ్లనూ నిలదీశారు. పేదల కోసం నడుస్తున్నామంటూ పేదవాడి నెత్తిన బరువు పెట్టి నడవడం ఏం నడక అన్నది ఆయన వేదన. ఆ దీపం మోసిన మనిషి కూడా అదే దారిలో, అంతే దూరం నడిచాడు. ఒకరి నడక ఆరోగ్యమైంది, ఇంకొకరిది అరుగుదల అయింది. పన్నెండు గంటలు నిలబడి పనిచేసే లూమ్ కార్మికుడికి వ్యాయామం ఎందుకు, పనే వ్యాయామం కదా అనేవాళ్లు ఈ తేడా గుర్తుపెట్టుకోవాలి. యజమాని తొందర మీద, ఊపిరి తిరగని చోట చేసే చాకిరీ వేరు. తన వేళకు, తన వేగంతో, ఆరుబయట గాలిలో కదలడం వేరు.

ఏప్రిల్ 1న సూరత్, 2న దిండోలి, వాంజ్, 3న ధామణ్, నవసారి, 5న దండి. 6న ఉప్పు తీశారు.

ఈ యాత్రలో ఒక లోటు కూడా ఉంది. బయలుదేరిన దళంలో ఒక్క మహిళ లేదు. మహిళలను చేర్చకూడదని గాంధీయే నిర్ణయించారు. ఆడవాళ్లను ముందు పెడితే బ్రిటిష్‌వాళ్లు చేయి చేసుకోరు కనుక అది పిరికితనం అవుతుందన్నది ఆయన వాదన. మార్గరెట్ కజిన్స్, ఖుర్షీద్‌బెన్ నౌరోజీ వంటివాళ్లు దాన్ని తప్పుపట్టారు. సరోజినీ నాయుడు దండిలో వచ్చి కలిశారు. తర్వాత ఉప్పు సత్యాగ్రహంలో వేలమంది మహిళలు రోడ్ల మీదికొచ్చారు. దారి తెరిచే మనిషి కూడా కొందరికి దారి మూయగలడని దండి యాత్ర చెబుతుంది. 1913లో సరిహద్దు దాటిన 127 మంది ఆడవాళ్లను చూసిన మనిషి 1930లో ఈ నిర్ణయం తీసుకోవడం ఇంకా ఆశ్చర్యం.

నడిచినా తప్పని జబ్బులు

గాంధీని ఆరోగ్యానికి నమూనాగా చూపేవాళ్లు ఆయన జబ్బుల సంగతి చెప్పరు. 1914లో లండన్‌లో ఊపిరితిత్తుల పొర వాపుతో పడకేశారు. 1918లో ఖేడా జిల్లాలో సైన్యంలో చేరమని ఊరూరా తిరుగుతూ రోజుకు ఇరవై మైళ్ల దాకా నడిచి, తిండి సరిగా లేక రక్త విరేచనాలతో చావు దాకా వెళ్లొచ్చారు. 1924లో పుణె ఆస్పత్రిలో అపెండిక్స్ ఆపరేషన్ జరిగింది. మలేరియా మూడుసార్లు వచ్చింది. రక్తపోటు ఎప్పుడూ ఇబ్బంది పెట్టేది. భారత వైద్య పరిశోధన మండలి 2019లో వెలువరించిన సంకలనం ప్రకారం 1940 ఫిబ్రవరిలో ఆయన రక్తపోటు 220/110. అదే సంకలనం 1913 నుంచి 1948 వరకు ఆయన దాదాపు 79,000 కిలోమీటర్లు నడిచారని లెక్కగట్టింది. భూమిని దాదాపు రెండు చుట్లు చుట్టినంత దూరం కదూ?

కాబట్టి నడక అన్ని జబ్బులకూ మందు కాదు. శక్తికి మించి నడిస్తే అదే జబ్బు అవుతుందని ఖేడాలో ఆయన ఒంటికే తెలిసొచ్చింది. రోజూ ఒక వేళకు, కొలతగా నడవడమే ఆయన్ను నిలబెట్టింది. సబర్మతిలో సాయంత్రం ఆశ్రమం నుంచి జైలు గేటు దాకా నడిచేవారు. 1936లో వార్ధా నుంచి సేగావ్‌కు మకాం మార్చినప్పుడు ఐదు మైళ్లూ నడిచే వెళ్లారు. అదే తర్వాత సేవాగ్రామ్ అయింది. అక్కడ పొద్దున, సాయంత్రం నడక వేళే సందర్శకులతో మాటల వేళ. పిల్లలు చేతికర్ర చివర పట్టుకుని లాగుతుంటే నడిచే ఫొటోలు చాలామంది చూసే ఉంటారు.

1942 ఆగస్టులో ఆగాఖాన్ ప్యాలెస్‌లో బంధించారు. వారం తిరక్కముందే కార్యదర్శి మహదేవ్ దేశాయ్ అక్కడే చనిపోయారు. 1944 ఫిబ్రవరి 22న కస్తూర్బా కన్నుమూశారు. ముళ్లకంచె లోపలే ఉన్న సమాధుల దాకా రోజూ పూలు తీసుకుని నడిచి వెళ్లడం ఆయన దినచర్య. ఆ నిర్బంధంలోనే 1942 చివరి నెలల్లో ఆరోగ్యం మీద పాత వ్యాసాలను పక్కనబెట్టి, కొత్తగా ఇంకో చిన్న పుస్తకం రాశారు. బందీకి కూడా నడిచే చోటు దొరికింది కాబట్టి మనసు నిలిచింది.

చివరి అడుగులు

1946 చివర్లో నవాఖాలీలో మతకల్లోలాలు జరిగిన ఊళ్లకు వెళ్లారు. 1947 జనవరి నుంచి డెబ్భై ఏడేళ్ల వయసులో చెప్పుల్లేకుండా నడిచారు. 47 గ్రామాలు, 116 మైళ్లు. ఊళ్ల మధ్య కాలువల మీద ఒంటి వెదురు వంతెనలు. పడిపోకుండా దాటడం ఆయన ముందుగా సాధన చేసి నేర్చుకున్నారు. దారిలో గాజు పెంకులూ మలినాలూ వేసినవాళ్లూ ఉన్నారు. వాటిని ఆయన స్వయంగా తీసి ముందుకు సాగారు. భయంతో ఇళ్లు వదిలిపోయినవాళ్లు మళ్లీ ఆ దారుల్లో నడవగలగాలంటే ఎవరో ఒకరు ముందు నడిచి చూపాలన్నదే ఆ యాత్ర ఉద్దేశం.

1948 జనవరి 30 సాయంత్రం ఢిల్లీలోని బిర్లా హౌస్‌లో సర్దార్ పటేల్‌తో మాట్లాడుతూ ప్రార్థనకు కొన్ని నిమిషాలు ఆలస్యమయ్యారు. ఆభా, మను భుజాల మీద చేతులు వేసి, పచ్చిక మీదుగా వేగంగా నడుస్తూ వెళ్లారు. ఆ నడకలోనే గాడ్సే తూటాలు తగిలాయి.

లింబాయత్‌కు ఏం మిగిలింది?

ప్రపంచ ఆరోగ్య సంస్థ పెద్దలు వారానికి కనీసం 150 నిమిషాలు ఓ మోస్తరు శ్రమ కలిగే వ్యాయామం చేయాలంటోంది. రోజుకు చూస్తే పాతిక నిమిషాలు కూడా కాదు. 2024లో వెలువడిన అంతర్జాతీయ అధ్యయనం మన దేశంలో దాదాపు సగం మంది పెద్దలు ఆ మాత్రం కూడా కదలడం లేదని తేల్చింది. మగవాళ్లకంటే ఆడవాళ్లలో ఈ లోటు ఎక్కువ. దీన్ని బద్ధకం అని తీసిపారేయడం సులువు.

గాంధీ జీవితం చూస్తే బద్ధకం ఒక్కటే కారణం కాదని తెలుస్తుంది. ఆయన నడవగలగడానికి నాలుగు కలిసొచ్చాయి: తన వేళ తన చేతిలో ఉండటం, నడవడానికి చోటు, నడుస్తుంటే ఎవరూ ఆపకపోవడం, పక్కన ఒక మనిషి తోడు. ప్రిటోరియాలో మూడోది లేకపోయేసరికి అంతటి మనిషీ దారి మార్చుకున్నారు. లింబాయత్‌లో రాత్రి డ్యూటీ దిగి పగలు పడుకునే కార్మికుడికి మొదటిదే లేదు. ఇంట్లో చీరలకు పూసలు కుట్టే మహిళకు నాలుగూ లేవు.

వీటిలో కొన్ని మనిషి చేతిలో ఉంటాయి, కొన్ని నగరం చేతిలో ఉంటాయి. 2025 మేలో సుప్రీంకోర్టు సరైన కాలిబాటలు ఉండటం పౌరుల హక్కు అని, అది రాజ్యాంగంలోని జీవించే హక్కులో భాగమని చెప్పింది. అంటే అడ్డం లేని కాలిబాట నగరం దయ చూపి ఇచ్చేది కాదు, బాకీ. బడి పిల్లలు ఇళ్లకు పోయాక బడి ఆవరణ ఖాళీగా ఉంటుంది. దాన్ని సాయంత్రం రెండు గంటలు వీధివాళ్లకు తెరిస్తే కొత్తగా భూమి కొనక్కర్లేదు. ఖాడీ గట్టు మీద వెలుతురు, కూర్చోవడానికి బల్లలు ఉంటే ముసలివాళ్లు నాలుగడుగులు వేస్తారు. నీలగిరి మైదానంలాంటి పెద్ద జాగాలు సభల రోజుల్లోనే కాదు, మామూలు రోజుల్లోనూ అందరివీ కావాలి. పది మంది ఆడవాళ్లు కలిసి ఒకే వేళకు బయటికొస్తే అది ఎవరూ వింతగా చూడని నడక అవుతుంది.

దిండోలికి ఇప్పుడు పల్లె రూపం లేదు. అపార్టుమెంట్లు, దుకాణాలు, రద్దీ. తొంభై ఏళ్ల కిందట ఆ దారిన ఒక ముసలాయన నడిచి వెళ్లినప్పుడు చూడటానికి జనం రోడ్డు పక్కన నిలబడ్డారు. ఇప్పుడు ఆ దారిలో రోజూ పొద్దున్నే అరగంట నడవాలనుకునే మనిషికి నిలబడటానికైనా రోడ్డు పక్కన చోటుందా అన్నదే లింబాయత్ అడగాల్సిన ప్రశ్న.